ముప్పై ఎనిమిదో పిడికెడు

మొదట్లో భానుచందర్ చేతిలో ఉన్నది లక్షా నలభై రెండు వేలు. తండ్రి మల్లేశ్వరరావు పోయినందుకు వచ్చిన పరిహారంలో, తల్లి ఛాయాదేవి పోయేదాకా ఆమె రక్తపు జబ్బుకి ఖర్చయింది పోగా, వడ్డీతో కలిపి మిగిలింది అంతే. అతనికి ఇరవై నాలుగేళ్లు నిండిన రోజున నాయనమ్మ రాఘవమ్మ పాస్‌బుక్కు తెచ్చి ఒళ్లో పెట్టింది.

"మీ నాన్న కాళ్ల ఖరీదురా ఇది. కాళ్లు పెట్టుకునే పనికే ఖర్చుపెట్టు," అంది.

కాళ్లు పెట్టుకునే పనంటే గుంటమగ్గం. నేల తవ్వి, ఆ గుంటలోకి కాళ్లు దించి, అంచున కూర్చుని నేసే మగ్గం. భవానీపురంలో వాళ్లుండే అపార్ట్‌మెంట్ బ్లాకులో ముప్పై ఎనిమిది కుటుంబాలున్నాయి. అన్నీ ఒకప్పుడు నేత కుటుంబాలే. పద్నాలుగేళ్లుగా అక్కడ ఒక్క మగ్గం లేదు. మూడో అంతస్తులో గుంట తవ్వితే రెండో అంతస్తు వాళ్ల నెత్తిన కాళ్లు వేలాడతాయని వచ్చిన కొత్తలో జోకు వేసుకునేవాళ్లు. తర్వాత ఆ జోకూ మానేశారు. మగవాళ్లలో కొందరు బట్టల కొట్లలో, కొందరు కొండపల్లి వైపు ఫ్యాక్టరీల్లో కుదిరారు. భానుచందర్ వన్‌టౌన్‌లో ఒక హోల్‌సేల్ చీరల కొట్టుకి ఆన్‌లైన్ ఆర్డర్లు చూసేవాడు. ఏ చీర ఏ ఊరికి ఎన్ని పోయిందో కాగితం చూడకుండా చెప్పగలడు.

బ్లాకులో తెల్లవారడం రోజూ ఒకేలా ఉంటుంది. అయిదున్నరకి నీళ్ల మోటారు మోగుతుంది. తలుపులు తెరుచుకుంటాయి. ఒక్కో గుమ్మంలో ఒక్కో ఆడమనిషి, ఒక చేతిలో చీపురు, ఒక చేతిలో మూత డబ్బా. గుమ్మం ముందు పిడికెడు నల్లమట్టి ఉంటుంది. ఎవరో గుప్పిట పట్టి తెచ్చి, ఒలకకుండా దించినట్టు చిన్న పోగు. దాన్ని డబ్బాలోకి ఎత్తి, గచ్చు కడిగి, ముగ్గేసి లోపలికి వెళ్తారు. వానాకాలం ఆ మట్టి చెమ్మగా వస్తుంది. అప్పుడు దాన్లోంచి గంజి వాసన, ఉయ్యూరు చక్కెర ఫ్యాక్టరీ మడ్డి వాసన కలిసి వస్తాయి. ఒక్కోసారి వెంట్రుక మందాన జరీ తునక మెరుస్తుంది.

అది మగ్గాలపాలెం మట్టి.

ఉయ్యూరు దాటాక కాలవ గట్టున ఉండేది మగ్గాలపాలెం. పద్నాలుగేళ్ల కిందటి వేసవిలో, ఎక్కడిదో ఒక పాత ఆస్పత్రి మెషీను ముక్కలై పాత ఇనుము కొట్టుకి చేరింది. దాని కడుపులో పెన్సిలు ములుకులంత సన్నటి కడ్డీలున్నాయి. వెండిలా మెరిసేవి. చేత్తో పట్టుకుంటే గోరువెచ్చగా తగిలేవి. జాకార్డు మగ్గంలో పువ్వు తీసే దారాలు బిగువుగా నిలబడాలంటే ఒక్కోదాని కింద ఒక సన్నటి కడ్డీ బరువుగా వేలాడాలి. వేరే ఎవరికైనా ఆ కడ్డీలు చెత్త. నేతగాడి కంటికి అవి బరువులు. మల్లేశ్వరరావు నలభై ఎనిమిది కడ్డీలు కొనుక్కొచ్చి అంచు పువ్వు దారాలకి కట్టాడు. పంతొమ్మిది రోజులు వాటి పక్కనే కాళ్లు పెట్టుకుని నేశాడు. ఇరవయ్యో రోజు గుంటలోంచి లేవలేకపోయాడు.

కోబాల్టు, రేడియేషన్ అనే మాటలు పాలెం వాళ్లు అప్పుడే విన్నారు. ఒళ్లంతా తెల్లబట్టలు తొడుక్కున్నవాళ్లు వచ్చి కడ్డీల్ని సీసం పెట్టెలో పెట్టి పట్టుకుపోయారు. దాంతో అయిపోలేదు. కట్టేముందు ఎవరో ఆ కడ్డీల్ని ఆకురాయితో రాకారు. రాకిన రజను కాలవ గాలికి ఊరంతా పరుచుకుంది. ఇళ్లు కూల్చారు. మగ్గాలు పూడ్చారు. నాలుగడుగుల లోతు మట్టి గీకి అరవై లారీల్లో ఎక్కడికో తీసుకెళ్లి కాంక్రీటు కింద పెట్టారు. మనుషుల్ని తెచ్చి భవానీపురంలో పెట్టారు. మనుషులు వచ్చిన మూడో నెలలో మట్టి రావడం మొదలైంది.

దాని గురించి ఎవరూ పెద్దగా మాట్లాడుకోలేదు. మనం ఇక్కడుంటే అదెక్కడుంటుందిలే అనుకున్నారు. ఊరి మట్టి గీకించిన డిపార్ట్‌మెంటు వాళ్లు ప్రతి శుక్రవారం ఒక వ్యాను పంపుతారు. డ్రైవరు జాన్‌బాబు గొట్టం లాంటి చేతితొడుగులు వేసుకుని, డబ్బాలు పసుపు డ్రమ్ములో వంచుకుని, 'తిరిగి వచ్చిన మట్టి, పిడికిళ్లలో' అని అచ్చేసిన గడిలో అంకె వేసి సంతకం తీసుకుంటాడు. ఇంటికి వారానికి ఏడు. పండగలప్పుడు కూడా ఏడే.

భానుచందర్ ఇంటర్ చదివే రోజుల్లోనే దీని లెక్క కట్టాడు. పిడికెడు నూట ఎనభై గ్రాములు. ముప్పై ఏడు ఇళ్లకి రోజుకి ఆరున్నర కిలోల పైచిలుకు, ఏడాదికి సుమారు రెండున్నర టన్నులు. లారీకి పది టన్నుల చొప్పున అరవై లారీల మట్టీ వచ్చేసరికి రెండు వందల నలభై ఏళ్లు దాటుతుంది. జాన్‌బాబుకి చెబితే, "అయితే మా మనవళ్లకి కూడా ఉద్యోగం ఖాయమన్నమాట," అన్నాడు.

ముప్పై ఏడు ఇళ్లకే ఎందుకంటే, ముప్పై ఎనిమిదో ఇంటికి మట్టి రాదు. అది రాఘవమ్మ గుమ్మం.

ఆమె కూడా అయిదున్నరకే తలుపు తీసేది. చీపురూ డబ్బా పట్టుకునే తీసేది. గచ్చు మీద ఏమీ ఉండేది కాదు. ఖాళీ గచ్చునే ఊడ్చి, డబ్బా మూత తీసి లోపలికి చూసి, మళ్లీ మూత పెట్టి తలుపు పక్కన ఉంచేది. అలా అయిదు వేల ఉదయాలు. మిగతా ఇళ్ల డబ్బాలు తుప్పు పట్టి ఎన్నోసార్లు మారాయి. ఆమె డబ్బా లోపల ఇంకా అద్దంలా ఉంది.

ఎందుకు రాదో ఎవరూ ఆమె ముఖాన అనలేదు. అనక్కర్లేదు. కడ్డీలు తెచ్చిందీ, రాకిందీ మల్లేశ్వరరావు అని కాగితాల్లో ఉంది. ఊరిని చంపినవాడి గుమ్మం తొక్కడం మట్టికి ఇష్టం లేదని అందరికీ తెలుసు. ఎవరింట్లో వ్రతం జరిగినా ప్రసాదం అన్ని తలుపులూ కొట్టేది. ఆ తలుపు దగ్గర మాత్రం గిన్నె గట్టు మీద పెట్టి వెళ్లిపోయేవాళ్లు.

మొదటి అంతస్తులో ఉండే జక్కయ్య అయితే ఆ ఇంటి వైపు తల కూడా తిప్పేవాడు కాదు. పాలెంలో అతనంత నేతగాడు లేడు. మల్లేశ్వరరావుకి ప్రాణస్నేహితుడు. పడిపోయిన స్నేహితుణ్ణి లాగబోయి ఆ కడ్డీలు పట్టుకున్నాడనీ, అందుకే కుడిచేతికి రెండు వేళ్లే మిగిలాయనీ చెప్పుకునేవాళ్లు. బ్లాకులో ఏ పెళ్లి మాటలు జరిగినా మొదటి కుర్చీ అతనిదే.

పాస్‌బుక్కు చేతికొచ్చిన వారంలోనే భానుచందర్ బ్లాకు ప్రెసిడెంటు పద్మావతమ్మ దగ్గరికి వెళ్లాడు. పంపు గదికీ ప్రహరీకీ మధ్య పద్నాలుగడుగుల వెడల్పు, పద్దెనిమిది అడుగుల పొడవు ఖాళీ నేల ఉందనీ, రేకుల షెడ్డు వేసి ఒక గుంటమగ్గం పెడతాననీ చెప్పాడు. పక్కా గుంటమగ్గం చీర అంటే ఆన్‌లైన్‌లో ఎంత గిరాకీ ఉందో నెలవారీగా చెప్పుకుంటూ పోయాడు. ఆమె చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ అంతా వింది.

"మగ్గాలపాలెం వాళ్లు నేశారంటే కొంటారట్రా లెక్కల మాస్టారూ? మన పిల్లలకి సంబంధాలే దొరకట్లేదు."

అందుకే రేడియేషన్ మీటరు కొన్నానన్నాడు భానుచందర్. అరచేతిలో పట్టేంత ఉంది అది. నిమిషానికి ఎన్నిసార్లు టిక్కుమంటే అంత. ప్రతి చీర మడతలోనూ ఆ అంకె రాసిన చీటీ పెడతాడు. దాచిపెడితే భయపడతారు, అంకె చెబితే కొంటారు అని అతని నమ్మకం.

పద్మావతమ్మ మీటరుని చిక్కుడుకాయల మీద పెట్టించి చూసింది. ఇరవై ఒకటి. చేటని మీటరుకి కాస్త దూరంగా జరిపి, సరేనంది. కానీ పాలెం పద్ధతి తప్పకూడదంది.

ఆ పద్ధతి అతనికీ తెలుసు. మగ్గాలపాలెంలో ఎవరు కొత్త గుంట తవ్వినా ఊళ్లో ప్రతి ఇంటి గుంటలోంచీ పిడికెడు మట్టి తెచ్చి అడుగున పరిచి, పేడనీళ్లు చల్లి గట్టిగా అణిగేదాకా దిమ్మిస కొట్టేవాళ్లు. ఒక్క ఇంటిది తగ్గినా ఆ గుంటలో నేసేవాడి కాళ్లు నిలవవంటారు.

"ముప్పై ఏడు నేను ఇప్పిస్తా. మీ ఇంటిది ఎక్కణ్ణుంచి తెస్తావో నువ్వే తెచ్చుకో," అంది పద్మావతమ్మ. ఆ మాట కటువుగా అనలేదు. లేని దాని గురించి ఎలా అనాలో అలాగే అంది.

షెడ్డు లేస్తుండగా భానుచందర్ గురువారం గురువారం సాయంత్రాలు ఇల్లిల్లూ తిరిగి డబ్బాలు కొలవడం మొదలుపెట్టాడు. గుంటలో పరిచే మట్టి మీద మనిషి రోజంతా కాళ్లు పెట్టుకోవాలి. ఏ ఇంటి మట్టి ఎంత ఉందో తెలియకుండా పరిచేది లేదని అతను ముందే నిశ్చయించుకున్నాడు. టిక్కుపెట్టె వచ్చిందని పిల్లలు వెంటపడేవాళ్లు. ముసలివాళ్లు తమ మోకాళ్ల మీద కూడా పెట్టి చూడమనేవాళ్లు. జక్కయ్య మాత్రం డబ్బా తలుపు బయట పెట్టి, తలుపు వేసుకునేవాడు.

పోల్చి చూసుకోవడానికి మామూలు మట్టి కావాలి. ఒక ఆదివారం ఉయ్యూరు బస్సెక్కి పాలెం దగ్గర దిగాడు. పదకొండెకరాల చుట్టూ ముళ్ల కంచె, తుప్పు పట్టిన పసుపు బోర్డు. లోపల తుమ్మ తప్ప ఏమీ మొలవలేదు. పక్క పొలంలో దున్నుతున్న ట్రాక్టరు వెనక కొంగలు బారుగా నడుస్తూ కంచె దాకా వచ్చి, అక్కడ ఆగి, వెనక్కి తిరుగుతున్నాయి. ఊరి పక్కన కాలవ నీళ్లు పైపుల్లోంచి పోతున్నాయి. చెవి ఒగ్గితే పైపులో నీళ్ల చప్పుడు మగ్గంలో నాడె అటూ ఇటూ తిరిగినట్టుంది. తమ ఇల్లుండిన చోటు అతను కంచె వెంబడి అడుగులు లెక్కపెట్టుకుని గుర్తుపట్టాడు. అక్కడ ఉన్నది వేరే ఊరి నుంచి తెచ్చి పోసిన ఎర్ర గ్రావెల్. వాళ్ల ఇంటి మట్టి ఈ కంచెలోనూ లేదు, భవానీపురం గుమ్మంలోనూ లేదు. కంచెకి దూరంగా కాలవ గట్టు మట్టి ఒక కవర్లో వేసుకుని వచ్చేశాడు. అది ఇరవై.

పదకొండు వారాలకి అతని నోటుపుస్తకంలో ముప్పై ఏడు వరసలు నిండాయి. ముప్పై ఆరు వరసల్లో ఇరవై రెండు, ఇరవై మూడు, ఎక్కడో ఒకచోట ఇరవై నాలుగు. ఆ మట్టి ఇక మామూలు మట్టే. ముప్పై ఏడో వరసలో ఎనభై నాలుగు ఉంది.

మీటరు తప్పేమో అనుకుని బ్యాటరీ మార్చాడు. డబ్బా తప్పేమో అనుకుని మట్టిని కొత్త డబ్బాలో పోశాడు. ఎనభై మూడు, ఎనభై అయిదు, ఎనభై నాలుగు. ఏ ఇంటికి వచ్చేది ఆ ఇంటి మట్టే. రజను ఎక్కువ పడిన ఇంటి మట్టి ఎక్కువ టిక్కుమంటుంది. కోబాల్టు అయిదేళ్ల మూడు నెలలకి సగమవుతుంది. వెనక్కి లెక్క కట్టుకుంటూ వెళ్తే, పద్నాలుగేళ్ల కిందట రజను పడింది ఎక్కడో, ఊరంతటికీ ఎగిరింది ఎక్కణ్ణుంచో, ఆ అంకె వేలు పెట్టి చూపిస్తోంది.

అది జక్కయ్య ఇంటి వరస.

ఆ కాగితం పద్మావతమ్మ ముందు పెడితే చాలు. తండ్రి పేరు మీది మచ్చ కడుక్కుపోతుంది. ఆ మాట అతనికి చాలాసార్లు నోటిదాకా వచ్చింది. కానీ తమ ఇంటి వరస ఖాళీ. ఖాళీ అంటే సున్నా కాదు, తెలియదని అర్థం. తండ్రి కూడా రాకాడేమో. ఇద్దరూ కలిసే రాకారేమో. ఒక్క అంకె తెలియకుండా లెక్క పూర్తయిందని ఎలా అంటాడు? పైగా అది చెబితే ఆ రెండు వేళ్ల మనిషిని రేపటి నుంచి బ్లాకు ఎలా చూస్తుందో అతనికి బాగా తెలుసు. ఆ చూపుల కిందే పెరిగాడు. చెప్పకపోతే జక్కయ్య మట్టి గుంటలో పరచాలి, దాని మీద కాళ్లు పెట్టుకోవాలి. పరచనంటే ఎందుకో అందరికీ చెప్పాలి. మట్టి పరవడం ఆదివారం పొద్దున్న ఏడున్నరకి అని పద్మావతమ్మ అప్పటికే చాటింపు వేసేసింది.

శనివారం మధ్యాహ్నం అతను షెడ్డులో గుంట గోడలు చెక్కుతుంటే వెలుగుకి ఎవరో అడ్డమొచ్చారు. జక్కయ్య. చంకలో డబ్బా ఉంది.

"ఎంత లోతు?" అన్నాడు. పద్నాలుగేళ్లలో అదే మొదటి మాట.

"రెండడుగుల తొమ్మిదంగుళాలు, బాబాయ్."

"మీ నాన్నది మూడడుగులు. వాడివి పొడుగు కాళ్లు." గుంట చుట్టూ ఒకసారి తిరిగి వచ్చాడు. "నేసేదెవరు?"

"నేనే. నేర్చుకుంటా."

ఎవరి దగ్గర అని జక్కయ్య అడగలేదు. డబ్బా కింద పెట్టి, పక్కనే నేల మీద కూర్చున్నాడు.

"నాది ఎంత చూపిస్తోంది?"

భానుచందర్ గడ్డపలుగు పక్కన పెట్టాడు. "ఎనభై నాలుగు."

"మిగతావాళ్లది?"

"ఇరవై రెండు, ఇరవై మూడు."

"ఎవరికైనా చెప్పావా?"

"లేదు. లెక్కలో తప్పుందేమోనని."

"లెక్కలో తప్పు లేదురా," అన్నాడు జక్కయ్య.

తర్వాత అతను చెప్పింది భానుచందర్ తల వంచుకుని విన్నాడు. మల్లేశ్వరరావు తెచ్చిన కడ్డీలు సమంగా లేవు. ఒకటి పొట్టి, ఒకటి పొడుగు. పువ్వు రేకులు ఒకవైపు జారిపోతున్నాయి. తక్కెడ లేకుండా చేత్తోనే బరువు చెప్పగలవాడు పాలెంలో జక్కయ్య ఒక్కడే. నలభై ఎనిమిదీ తువ్వాలులో మూటగట్టుకుని తన ఇంటికి పట్టుకెళ్లాడు. రెండు మధ్యాహ్నాలు తన గుంట అంచున కూర్చుని, ఒక్కొక్కటి ఆకురాయితో రాకి, వేళ్ల మధ్య పట్టి తూచి, సమం చేసి ఇచ్చాడు. రజను వెండిపొడిలా పడింది. చేతి మీదిది నోటితో ఊదాడు. కిందది భార్య చీపురుతో వీధిలోకి ఊడ్చింది. ఆమె తర్వాత ఎన్నాళ్లు బతికిందో భానుచందర్‌కి తెలుసు. వాళ్ల గుమ్మంలో మట్టి ఎత్తేది ఇప్పుడు జక్కయ్యే, ఎడంచేత్తో.

"ఆస్పత్రిలో ఆఫీసర్లు వచ్చి ఎవరు రాకారని అడిగారు. మీ నాన్న 'నేనే' అన్నాడు. నేను గుమ్మంలోనే నిలబడి ఉన్నా." జక్కయ్య తన రెండు వేళ్లనీ చూసుకున్నాడు. "ఎందుకన్నాడో తెలియదు. నా పిల్లలు చిన్నవాళ్లనుకున్నాడేమో. నువ్వూ చిన్నవాడివే మరి. రేపు కాదందాం అనుకున్నా. మర్నాటికి వాడు లేడు. ఇక ఆ 'నేనే' అన్న మాట అలా ఉండిపోయింది."

పంపు గదిలో మోటారు దానంతటదే ఆగింది. పైన ట్యాంకు నిండినట్టుంది.

"నాది ఎప్పటికి తగ్గుతుంది?" అన్నాడు జక్కయ్య.

"కాలవగట్టు మట్టి ఇరవై. మీది దాని మీద అరవై నాలుగు ఎక్కువ. అయిదేళ్ల మూడు నెలలకి అది ముప్పై రెండు. తర్వాత పదహారు, ఎనిమిది, నాలుగు. అంటే ఇరవై ఒక్క ఏళ్లు." అంతటితో కూడా ఆగలేకపోయాడు. "అప్పటికి నాకు నలభై అయిదు. మీకు ఎనభై."

జక్కయ్య నవ్వాడు. నవ్వితే అతనికి ముందుపళ్లు లేవని భానుచందర్ అప్పుడే చూశాడు.

"గుంటలో నా పిడికెడుకి చోటు వదిలిపెట్టు. పూడ్చకు," అన్నాడు. డబ్బా తీసుకుని లేచాడు. తన తలుపు ఉన్న మొదటి అంతస్తు దగ్గర ఆగలేదు. మెట్లు ఎక్కుతున్న చప్పుడు రెండో అంతస్తు దాటి, మూడో అంతస్తులో రాఘవమ్మ తలుపు దగ్గర ఆగింది.

భానుచందర్ కిందే ఉండిపోయి నిమిషాలు లెక్కపెట్టాడు. ఇరవై ఆరు. పైనుంచి ఏ చప్పుడూ రాలేదు. కేక గాని, ఏడుపు గాని. జక్కయ్య దిగి వచ్చి అతని వైపు చూడకుండా ఇంట్లోకి వెళ్లిపోయాక, అతను పైకి వెళ్లాడు. రాఘవమ్మ వంటింట్లో ఒక గ్లాసు కడుగుతోంది.

"మజ్జిగిచ్చా వాడికి," అంది. "ఆ రెండు వేళ్లతో గ్లాసు పట్టుకోలేకపోయాడు. నేనే పట్టా."

కడిగిన గ్లాసే మళ్లీ కడిగింది.

ఆదివారం అయిదున్నరకి మోటారు మోగింది. తలుపులు తెరుచుకున్నాయి. భానుచందర్ మంచం మీద నుంచే నాయనమ్మ గడియ తీసిన చప్పుడు విన్నాడు. తర్వాత చీపురు చప్పుడు రావాలి. రాలేదు.

లేచి వెళ్లి చూస్తే ఆమె గడప లోపల గొంతుక్కూచుని ఉంది. గచ్చు మీద పిడికెడు నల్లమట్టి. గుప్పిట తీసిన చోట చిన్న మొన తేలి, పొడిగా, నిశ్చలంగా ఉంది. ఎదురు గుమ్మంలో చీపురు పట్టుకున్నామె ఊడవడం ఆపేసింది. మెట్ల మీద పాల ప్యాకెట్లతో వస్తున్నవాళ్లు పక్కకి తప్పుకుని నిలబడ్డారు.

"పెట్టె తేరా," అంది రాఘవమ్మ.

అతను మీటరు తెచ్చి మట్టి పక్కన పెట్టాడు. ఒక నిమిషం. మెట్ల మీద ఎవరూ కదల్లేదు. టిక్కుల మధ్య ఖాళీ అంత పొడుగ్గా ఉంటుందని అతనికి అంతకుముందు తెలియదు.

"ఎంత?"

"ఇరవై."

"ఇరవై అంటే?"

"కాలవగట్టు మట్టి, నాయనమ్మా. ఏమీ పడని మట్టి."

రాఘవమ్మ తల ఊపింది. "ఆ నేల రెండుపూటలా అలికేదాన్ని," అంది, ఎవరో కాదన్నట్టు. చీపురు ముట్టుకోకుండా రెండు చేతులతో మట్టిని ఎత్తుకుంది. డబ్బా వైపు చూసి, వద్దనుకుని, కొంగులో పోసుకుని ముడి వేసుకుంది.

ఏడున్నరకి షెడ్డు చుట్టూ బ్లాకంతా చేరింది. ఒక్కొక్కళ్లే వచ్చి డబ్బా వంచి, గుంట అడుగున పిడికెడు పోసి పక్కకి తప్పుకున్నారు. పద్మావతమ్మ గట్టు మీద నిలబడి వేళ్ల కణుపుల మీద లెక్కపెడుతోంది. రాఘవమ్మ కొంగు ముడి విప్పినప్పుడు ఆమె వేలు కణుపు మీదే కాసేపు ఆగిపోయింది. మూడో అంతస్తులో పొద్దున్న జరిగింది అప్పటికే కింది దాకా పాకింది. ఆమె ఒకటి కలుపుకుని ముందుకి పోయింది.

"ముప్పై ఏడు. ఒకటి తగ్గింది," అంది చివరికి. "ఎవరిదిరా?"

అలవాటు కొద్దీ నాలుగైదు తలలు రాఘవమ్మ వైపు తిరిగాయి. తిరిగి, దారి తప్పినట్టు ఆగిపోయాయి.

భానుచందర్ చేతిలో నోటుపుస్తకం ఉంది. తెరవలేదు. గుంట అడుగున, నేసేవాడి పాదాలుండే చోటికి కాస్త అవతల, కప్పు బోర్లించినంత గొయ్యి ఒకటి పొద్దున్నే తీసిపెట్టాడు. దాని మీద మట్టి పడకుండా ఇటుక ముక్క అడ్డం పెట్టాడు.

"నాది," అన్నాడు జక్కయ్య వెనక నుంచి. జనం దారి ఇచ్చారు. మొదటి కుర్చీ అతని కోసం వేసే ఉంది. దాని దగ్గరికి వెళ్లలేదు. "నాది ఇప్పుడు పొయ్యకూడదు. ఇరవై ఒక్క ఏళ్లు ఆగాలి. కడ్డీలు రాకింది నేను. మల్లేశు కాదు."

కొండపల్లి వైపు పోయే రైలు ఒకటి దూరంగా వెళ్లింది. ఎవరో ఆడమనిషి పిల్లాణ్ణి దగ్గరికి లాక్కుంది. పద్మావతమ్మ ఇంకా మడిచే ఉన్న తన వేళ్లని చూసుకుంది.

"మరి గుంట నిండినట్టా, కాదా?" అంది చివరికి.

ఆ మాట అడిగింది జక్కయ్యని కాదు, భానుచందర్‌ని కూడా కాదు. రాఘవమ్మని. పద్నాలుగేళ్లలో ఆమెని ఎవరైనా ఏదైనా అడగడం అదే మొదలు.

"వాడి చోటు వాడికి ఉంచాంగా. నిండినట్టే. కొట్టండి దిమ్మిస," అంది రాఘవమ్మ.

పేడనీళ్లు చల్లారు. చిన్న గొయ్యి వదిలేసి, చుట్టూ దిమ్మిస కొట్టారు. తడి తగిలేసరికి ముప్పై ఏడు ఇళ్ల మట్టీ ఒక్కసారి వాసన వేసింది. గంజి, మడ్డి, దీపం నూనె. ముసలివాళ్లు ఇద్దరు ముక్కులకి తువ్వాళ్లు అడ్డం పెట్టుకున్నారు. అది వాసనకి కాదు. జక్కయ్య గట్టు మీద చతికిలబడ్డాడు. అతని పక్కన ఒక మనిషి పట్టేంత ఖాళీ ఉండిపోయింది. కాసేపటికి రాఘవమ్మ వచ్చి ఆ ఖాళీలో కూర్చుంది.

భానుచందర్ ప్యాంటు మోకాళ్ల దాకా మడిచాడు. గుంట అంచున కూర్చున్నాడు. అడుగున మట్టి నల్లగా, చల్లగా, అద్దంలా నున్నగా ఉంది. దాని మధ్య ఆ గొయ్యి ఒక్కటే నోరు తెరుచుకుని ఉంది. ఏ ఏడు, ఏ నెల పూడ్చాలో షెడ్డు గోడ మీద సున్నంతో అప్పుడే రాసేశాడు. అతని పాదాలు గాలిలో వేలాడుతున్నాయి. తండ్రివి మూడడుగుల కాళ్లు. తనవి ఎంతో ఎప్పుడూ కొలుచుకోలేదని గుర్తొచ్చింది.

కుడికాలు కిందికి దించబోయాడు.

"అది కాదురా," అన్నాడు జక్కయ్య, వెనకనుంచి మెల్లగా. "మీ నాన్న ఎప్పుడూ ఎడమకాలే ముందు పెట్టేవాడు."

భానుచందర్ కుడికాలు వెనక్కి తీసుకున్నాడు. ఎడమకాలు ఎత్తి, ఆ గొయ్యికి ఇవతల ఎంత దూరంలో మోపాలో కళ్లతోనే కొలుచుకున్నాడు.